మంచుదేశపు చెక్క

రంగూన్ రేవులో దుంగలు మోసే పనికి పోయినప్పుడు ఆదాముకు పదిహేడేళ్లు. మళ్లీ కోటబొమ్మాళి స్టేషన్లో దిగేసరికి ముప్పై రెండు నిండాయి. మధ్యనున్న పదిహేనేళ్లూ రంపపు మిల్లుల్లోనే గడిచాయి. కొన్నేళ్లు దుంగలు మోశాడు, కొన్నేళ్లు కోశాడు, ఆఖరికి వడ్రంగం పట్టుబడింది. దాంతోపాటు ఒక అలవాటు కూడా అబ్బింది. ఏ చెక్క చేతికొచ్చినా ముందు వాసన చూసేవాడు, తర్వాత గోటితో గీరేవాడు, ఆ చెట్టు ఎలాంటి నేలమీద పెరిగిందో తనకు తోచింది చెప్పేవాడు. చాలాసార్లు నిజమయ్యేది.

రంగూన్ నుంచి అతను తిరిగొచ్చింది చాలావరకు కాలినడకన. నలభై రెండులో బాంబులు పడ్డాక ఓడ దొరకని వేలమందితోపాటు ఆదాము, అతని తమ్ముడు యోహాను మణిపూర్ కొండల దారి పట్టారు. ఆ అడవిలో మిట్టమధ్యాహ్నం కూడా మునిమాపులాగే ఉండేది. చెట్టు మీద చెట్టు, దాని మీద తీగ, తీగ మీద నాచు. అడుగు వేస్తే నేల తగలదు, కుళ్లిన ఆకుల్లోకి చీలమండ దాకా దిగిపోతుంది. జలగలు. ఎడతెగని వాన. పొద్దున విరిగిపడిన కొమ్మ వారం తిరిగేసరికి పుట్టగొడుగులు పట్టి వేలితో చిదిమితే చితికిపోయేది. విరేచనాలు పట్టుకున్న యోహాను ఏడో రోజున లేవలేదు. అన్న చేతులతోనే తవ్వి పూడ్చి, గుర్తుగా ఒక కర్ర పాతి ముందుకు నడిచాడు. ఆ కర్ర వానాకాలం దాటదని అతనికి తెలుసు. కర్రపని చేసినవాడు కాబట్టి మరీ బాగా తెలుసు.

ఇంటికి చేరాక ఆరు నెలలు ఏ పనీ చేయలేకపోయాడు. కూచుంటే కూచున్నచోటే నిద్రపోయేవాడు. రంగూన్ పోకముందే పెళ్లాడిన భార్య బుల్లమ్మ గంజి కాచి పోసి, నయానా భయానా అతన్ని మళ్లీ మనిషిని చేసింది. కోటబొమ్మాళికి నాలుగు మైళ్ల దూరాన మిషన్ వాళ్ల చిన్న ఆసుపత్రి ఒకటుండేది. వడ్రంగి కావాలంటున్నారని చర్చిలో విని, ఆమే వెంటబెట్టుకుని తీసుకెళ్లింది. ఆనాటి నుంచి ఆసుపత్రి వెనక రేకుల షెడ్డే అతని లోకం. మంచాల కోళ్లు, కిటికీ రెక్కలు, విరిగిన ఎముకలకు కట్టే బద్దలు, నడవలేనివాళ్లకు చంక కర్రలు. చేతినిండా పనే.

ఆసుపత్రి నడిపే డాక్టరు వార్డెల్ దొరసాని. కెనడా దేశంలో బాగా ఉత్తరాన పుట్టిన మనిషి. తండ్రి అడవిలో చెట్లు కొట్టే కూలీ. ఆమె తెలుగు బైబిలు చదివి నేర్చుకున్నది, అందుకని మాటలు కూడా అలాగే ఉండేవి. రోగులకు అర్థమయ్యేవి కావని కాదు గాని, కాస్త నవ్వొచ్చేవి.

యుద్ధం అయిపోయిన కొద్దికాలానికి ఆమె దేశం నుంచి మందులూ దుప్పట్లూ కట్టు బట్టలూ రావడం మొదలైంది. విశాఖపట్నం రేవులో దిగి, రైలు మీద కోటబొమ్మాళి వచ్చి, అక్కణ్నుంచి ఎడ్లబండి మీద ఆసుపత్రికి చేరేవి. అన్నీ చెక్కపెట్టెల్లోనే. మొదటి పెట్టె పగలగొట్టిన రోజు ఆదాము మందుల వంక చూడనేలేదు. ఊడిన మూత పట్టుకుని వాసన చూశాడు.

"ఇదేటి కర్రండీ డాక్టరమ్మగారూ? వాసన సూస్తే గుగ్గిలం లాగున్నాది, ఎత్తితే బూరుగు లాగున్నాది."

"ఇది స్ప్రూస్ అను చెట్టు, ఆదామూ. మా తండ్రిగారు నరికినది ఇదియే."

ఆదాము చెక్క కొసను వెలుతురుకు తిప్పాడు. టేకులో వలయాలు గోరంత వెడల్పున ఉంటాయి. ఇందులో వెంట్రుక పక్కన వెంట్రుక పేర్చినట్టున్నాయి. మేకు మొనతో ఒక్కొక్కటే లెక్కపెట్టాడు. అంగుళంలో ముప్పై ఎనిమిది తేలాయి.

"ఏడాదికి ఒక గీత కదండీ. అంటే బొటనేలంత లావెక్కడానికి ముప్పై ఎనిమిదేళ్లా?"

"మా దేశంలో చెట్టునకు సంవత్సరానికి మూడు నెలలే పని. తక్కిన తొమ్మిది నెలలు అది ఊరకే నిలిచి యుండును."

"ఆ సలిలో ఊరికే నిలబడ్డం కూడా పనేనండి" అన్నాడు ఆదాము.

ఆమె నవ్వింది. అరచేతి వెడల్పున్న పెట్టె పలక మీద సీసం పెన్సిలుతో చెట్టు బొమ్మ గీసి చూపించింది. కొమ్మలు గొడుగు ముడిచినట్టు కిందికి వాలి ఉన్నాయి, మంచు పడితే జారిపోవడానికి. ఆకులు సూదులు. చలికాలంలోనూ రాలవు, ఎండ తగిలిన గంటలోనే పని మొదలెట్టాలి కాబట్టి. కొన్నిచోట్ల నేల కింద మూరెడు లోతున ఏడాది పొడుగునా గడ్డకట్టే ఉంటుందనీ, వేళ్లు లోతుకు పోలేక చాపలా పరుచుకుంటాయనీ చెప్పింది. నాలుగైదు రకాల చెట్లను ఆనవాలు పట్టడం వస్తే చాలట, వెయ్యి మైళ్లు నడిచినా కొత్త చెట్టు పేరు నేర్చుకోనక్కరలేదట.

ఆదాముకు అది నమ్మశక్యంగా లేదు. మరొక్క ప్రశ్న మాత్రం అడిగాడు.

"ఆ అడివిలో నేలలో కర్ర పాతితే ఎన్నాళ్లుంటాదండీ?"

"నా బాల్యంలో మా తండ్రి పాతిన గుంజ, నేను ఇక్కడికి బయలుదేరు దినమున కూడా అట్లే యున్నది. కుళ్లుటకు కూడా వెచ్చదనము కావలెను గదా."

అతను మూత చంకన పెట్టుకుని షెడ్డుకు వెళ్లిపోయాడు.

ఆ చెక్కతో చేసిన చంక కర్రలే ఆసుపత్రికి పేరు తెచ్చాయి. పిల్లలకు చేసినవైతే చిటికెన వేలితో ఎత్తొచ్చు, బరువు మాత్రం ఎంతైనా మోస్తాయి. అంతకుముందు వెదురుతో చేసేవాడు గాని, కణుపు దగ్గర మేకు దిగితే అది నిలువునా చీలేది. ఈ కొండల్లో దొరికే నల్లమద్ది, ఏగిస, గుగ్గిలం చెక్కలు గట్టివే, అయితే ఒక కాలు లేని మనిషి మోయగలిగే బరువు కాదది. పెట్టెలు వస్తున్నంత కాలం ఆదాముకు ఆ చింత లేకపోయింది. ఇరవై ఏళ్లలో ఎన్ని జతలు చేశాడో అతనికే తెలియదు. పాతపట్నం నుంచి, టెక్కలి నుంచి, ఒరిస్సా సరిహద్దు ఊళ్ల నుంచి జనం వచ్చేవారు. ఊళ్లో అందరూ దాన్ని మంచుసెక్క అనేవారు.

అరవై ఆరులో అట్టపెట్టెలు వచ్చాయి. మొదటిసారి ఏదో పొరపాటనుకున్నాడు. రెండోసారీ అవే వచ్చాయి. దొరసానిని అడిగితే, అక్కడ చెక్క ఖరీదైపోయిందనీ, ఇకమీదట అన్నీ అట్టల్లోనే పంపుతారనీ చెప్పింది. మిగిలిన చెక్కను అతను పొదుపుగా వాడుకుంటూ వచ్చాడు. ముక్కలు అతికి, మేకు బెజ్జాలు పూడ్చి, ఎలాగో ఏడాదిన్నర లాక్కొచ్చాడు. అప్పటికి అతనికి యాభై ఎనిమిదేళ్లు. కుడి భుజం చిత్రిక పట్టినప్పుడల్లా కలుక్కుమనేది. సాయంత్రం ఇంటికొచ్చి అన్నం కలపడానికి ఎడమచెయ్యి సాయం పట్టేవాడు.

అరవై ఎనిమిది సంక్రాంతి దాటాక ఒకరోజు దేముడమ్మ వార్డులోంచి షెడ్డు ముందుకు వచ్చింది. నడిచి రాలేదు, కూచుని చేతుల మీద జరుగుతూ వచ్చింది. ముప్పై అయిదేళ్ల మనిషి, నాట్లకీ కోతలకీ పోయే కూలీ. వరి మోపులున్న బండి గట్టు మీద ఒరిగి కాలు నలిగిపోతే, వార్డెల్ దొరసాని మోకాలి కిందికి తీసేసింది. వారం కిందటే ఆదాము ఆమెకు నల్లమద్దితో కర్రలు చేసిచ్చాడు. ఆమె ఆ జతను ఒక చేత్తో ఈడ్చుకొచ్చి గుమ్మంలో పడేసింది.

"మావా, ఇయ్యి సంక కర్రలా, నాగలి కాడిలా? కాలు పోనాది సాలక భుజాలు కూడా పోగొట్టుకోమంటావేటి?"

చంక కింద రవిక నెత్తురుతో అంటుకుపోయి ఉంది. ఆదాము తల తిప్పుకున్నాడు.

"మా పక్క మంచం గుంటకి తెల్లయి ఇచ్చినావు. ఆ గుంట ఈదిలో పరిగెడతన్నాది. నాకెందుకియ్యవు? నాను మనిషిని కానేటి?"

"అయిపోనాయమ్మా ఆ సెక్కలు. ఆ దేశం నుంచి రావట్లేదు."

"మరి నాను ఇలగే దేకుతానా?" అంది దేముడమ్మ. కోపంగా అనలేదు. నిజంగానే తెలుసుకోవాలన్నట్టు అడిగింది.

అప్పుడు ఆదాముకు ఇంటి అటక గుర్తొచ్చింది. పెట్టెల్లో కల్లా మంచివి, ముడి లేనివి పద్నాలుగు పలకలు ఏరి అటక మీద పెట్టుకున్నాడు. బుల్లమ్మకు మంచం చేస్తానని పదేళ్లుగా చెప్తున్న మాట. అవి బయటికి తీయాలంటే అతనికి మనసొప్పలేదు, అయినా వేరే దారి కనిపించలేదు.

"రేపు రా. సేసిస్తాను" అన్నాడు.

ఆ సాయంత్రం నిచ్చెన వేసుకుని అటకెక్కాడు. పైన పలక చూడ్డానికి పలకలాగే ఉంది. ఎత్తబోతే బొటనవేలు లోపలికి దిగిపోయింది. తీసి చూస్తే పొర కింద అంతా మట్టి. మట్టిగోడ వెంట ఎక్కిన చెదలు, వలయానికీ వలయానికీ మధ్యనున్న మెత్తనంతా తినేసి, గట్టి గీతల్ని మాత్రం కాగితాల్లా నిలబెట్టి వదిలేశాయి. రెండో పలకా అంతే. పద్నాలుగూ అంతే. అతను అటక మీదే కూలబడిపోయాడు.

కింద నుంచి బుల్లమ్మ పిలిచింది. "ఏటయినాది? పడిపోనావేటి?"

"పడనేదు. సెదలు."

ఆమె నిచ్చెన సగం ఎక్కి చూసింది.

"ఆ గోడకే కదా మన ఏగిస ద్వారబంధం ఉన్నాది" అంది. "ముప్పై ఏళ్లయినా దాన్ని ముట్టుకోనేదు. దీన్నేటి ఇలా మేసేసినాయి?"

"దీనికి సెదలంటే ఏటో తెలీదే. మన అడివిలో సెట్టుకి పుట్టిన్నాటి నుంచీ శత్రువులే. సెదలు, పురుగు, బూజు. అందుకని సేదు నింపుకుంటాది, నూనె నింపుకుంటాది, బరువెక్కిపోతాది. దానికి అక్కడ సలి ఒకటే శత్రువు. ఆ సలికి ఎలా నిలబడాలో ఒకటే నేర్సుకున్నాది. పిచ్చిముండ."

మంచం సంగతి ఇద్దరూ ఎత్తలేదు. పలకలన్నీ కిందికి దించి, వాకిట్లో పోసి, ఆమే నిప్పుపెట్టింది. చెదలు మిగతా ఇంటిని పట్టకుండా ఉండాలి కదా. గుగ్గిలం ధూపం లాంటి పొగ వీధంతా కమ్మింది.

మర్నాడు దేముడమ్మకు మొహం చూపించలేక ఆదాము తిన్నగా దొరసాని దగ్గరికి వెళ్లాడు. ఆమె వరండాలో పుస్తకాలు పెట్టెలో సర్దుకుంటోంది. మిషన్ వాళ్లు ఆమెకు విశ్రాంతి ఇచ్చారు. మార్చిలో స్వదేశానికి ప్రయాణం. ఈ ముప్పై నాలుగేళ్లలో ఎండకు ఆమె మొహం బాగా నల్లబడింది, నడుం వంగిపోయింది. జరిగిందంతా విని, పుస్తకం ఒళ్లో పెట్టుకుని కూచుంది.

"ముప్పది యెనిమిదిలో నేను మా దేశపు విత్తనములు తెచ్చి ఇక్కడ నాటితిని. నీకు తెలియదు. మొలిచినవి కూడా. జూలైలో మొలిచి, చలికాలమంతా పచ్చగా నుండి, ఏప్రిల్‌లో ఒక్క వారములో మాడిపోయినవి. అప్పుడు మూడు దినములు ఏడ్చితిని, ఆదామూ. చిన్నదానను గదా." పుస్తకం పెట్టెలో పెడుతూ మళ్లీ అంది. "మీ అడవిలో నూరు రకములున్నవి. ఒక్కటియైనా తేలికది ఉండదా?"

"ఉన్నాదండి. గుమ్మడి టేకు. పేరుకే టేకు, అంత బరువుండదు. రంగూన్లో యమనే అనేవారు. అది నాలుగు ఎండలకీ వానలకీ తట్టుకుంటాది. కాని మీ అడివిలో లాగ సెట్టు పక్కన మళ్లీ అదే సెట్టు ఉండదండి మా దగ్గర. కొండంతా తిరిగితే ఒకటో, రెండో. దాన్నెవరు ఎతుకుతారు? నా కాళ్లలో సత్తువ నేదు."

దొరసాని పుస్తకాల పెట్టె మూసింది. కాగితం తీసుకుని అటవీ రేంజరు గారికి ఇంగ్లీషులో ఉత్తరం రాసి, సంతకం చేసి, అతని చేతిలో పెట్టింది. అలా పెట్టాక వెళ్లనని అనడం ఆదాముకు చేతకాలేదు.

పాతపట్నం వైపు రంపపు కోత పనిచేసే గంగులు అతనికి పాత స్నేహితుడు. వరసకేమీ కాకపోయినా ఒకరినొకరు బావా అని పిలుచుకునేవారు. రేంజరు ఇచ్చిన అనుమతి చీటీ చేతికొచ్చాక ఇద్దరూ బస్సెక్కి మెళియాపుట్టిలో దిగి, పొద్దున్నే కొండదారి పట్టారు. ఫిబ్రవరి నెలాఖరు. అడవి సగం మోడుబారి ఉంది. గుగ్గిలం ఆకు రాలుస్తూనే కొత్త చిగురు వేస్తోంది. ఇంకా విచ్చని ఇప్ప మొగ్గలు కొమ్మకొసల్లో గుత్తులుగా ఉన్నాయి. ఎండుటాకుల మీద ఇద్దరి అడుగులూ గలగలమంటున్నాయి.

ప్రతి రెండు ఫర్లాంగులకీ ఆదాము ఆగి నిలబడాల్సి వచ్చింది. ఒకచోట రాయి మీద కూలబడి, కూచున్న చోట నుంచి కనిపిస్తున్న చెట్లకు ఒక్కొక్కటే పేరు పెట్టి చూశాడు. గుగ్గిలం, నల్లమద్ది, ఏగిస, బండారు, తుమికి, కరక, తాని, ఉసిరి, మోదుగ, అంకుడు, ఇప్ప. ఇరవై మూడు లెక్కకొచ్చాయి, మరో అయిదారింటికి అతనికి పేరు తెలియలేదు. అందులో గుమ్మడి టేకు లేదు.

"ఏటి బావా, పెళ్లికి పిలవడానికి పేర్లు రాస్తన్నావేటి?" అన్నాడు గంగులు.

"దొరసాని వాళ్ల అడివిలో అయితే నాలుగు పేర్లతో అయిపోతాది బావా."

"నాలుగే? మరి మనిషికి విసుగెత్తదా?"

"ఏమో. నాకైతే ఇప్పుడు అలాటి అడివే బాగుండునని ఉన్నాది. కావలసిన సెట్టు కళ్లెదురుగా ఉంటాది కదా."

ఆ రోజంతా తిరిగినా దొరకలేదు. రెండోరోజు ఒక సవర గూడెం దగ్గర గంగులుకు తెలిసిన పెద్దాయన ఎదురయ్యాడు. గూడెం వాళ్లు పోడు కోసం వాలు మీద చెట్లు కొట్టి ఎండబెట్టారు. ఇంకో నెల పోతే నిప్పు పెడతారు. అందులో ఒక గుమ్మడి టేకు మాను పడి ఉందన్నాడు. వెళ్లి చూస్తే నిజమే. నడుమంత లావు, తిన్నగా పన్నెండడుగులు, బూడిదరంగు బెరడు. ఆదాము బాడిసెతో చిన్న పెచ్చు లేపి వాసన చూశాడు. పెద్ద వాసనేమీ లేదు. గోరు దిగింది గాని చెక్క చీలలేదు. అతను ఆ మాను మీదే కాసేపు వెల్లకిలా పడుకున్నాడు.

"ఎలాగూ బూడిదయ్యేదే. తీసుకోండి" అన్నాడు పెద్దాయన. బదులుగా గూడేనికి గొడ్డలి పిడులు పెట్టిమ్మన్నాడు. ఆ సాయంత్రం వెలుతురున్నంత వరకూ ఆదాము పిడులే చెక్కాడు.

మాను కోయడానికి రెండు రోజులు పట్టింది. గంగులు పైన, ఆదాము కింద నిలబడి రంపం లాగారు. కుడి భుజం పనికిరాకపోతే ఎడమచేత్తో లాగాడు. పొట్టు కళ్లలో పడి నీళ్లు కారుతుంటే తుడుచుకోవడానికి ఆగేవాడు, అదొక విశ్రాంతి.

"ఇదంతా తగలబెడితే ఎలాగ బావా, మళ్లీ అడివవుతాదా?" అన్నాడు ఆదాము ఒకసారి.

"ఎందుకవదూ? గుగ్గిలం, ఏగిస కొట్టేసిన మొద్దులోంచే సిగురేస్తాయి. నాలుగేళ్లు పోతే మనిషి కనబడడు."

"దొరసాని వాళ్ల అడివిలో నిప్పంటుకుంటే తల మీంచి తలకి పాకి అడివి అడివే పోతాదంట. కొన్ని కాయలు ఆ వేడికే ఇచ్చుకుని గింజ రాలస్తాయంట. మళ్లీ మొలిసినప్పుడు అన్నీ ఒకే ఈడు."

"ఒకే ఈడా? ముసిలీ ముతకా ఉండరా?" గంగులు రంపం ఆపాడు. "అదేటి అడివి బావా, మిలిట్రీ లాగున్నాది."

పలకల్ని కావళ్లతో మోసుకుని కొండ దిగారు. దారిలో మూడుచోట్ల దించుకున్నారు. చెక్‌పోస్టులో గార్డు చీటీ చూసి, పలకలు లెక్కపెట్టి, పొమ్మన్నాడు. బస్సు టాపు మీద వేసుకుని ఆసుపత్రికి చేరేసరికి ఆదాముకు జ్వరం తగిలింది. నాలుగు రోజులు మంచం దిగలేదు.

పచ్చి చెక్క ఆరాలంటే నీడలో ఆరు నెలలు పడుతుంది. అంత వ్యవధి లేదు. ఆపరేషన్ సామాను ఉడకబెట్టే గదిలో పొయ్యి రోజంతా మండుతుంది. పలకల్ని సన్నగా చీల్చి, ఆ గది గోడకు దూరదూరంగా నిలబెట్టాడు. రోజుకు రెండుసార్లు తిప్పేవాడు. అయినా కొన్ని మెలిక తిరిగిపోయాయి. తిరగనివాటితో మూడు వారాలకు ఒక జత తయారైంది. పసిపిల్లల్ని తూచే త్రాసులో పెట్టి చూశాడు. మంచుసెక్క జత కంటే పావువంతు బరువు ఎక్కువ, నల్లమద్ది జతలో సగమే.

దేముడమ్మ ఊరికి కబురు పంపితే తమ్ముడి బండి మీద వచ్చింది. కర్రలు తీసుకుని, గోడ పట్టుకుని లేచి, షెడ్డు నుంచి బావి దాకా వెళ్లింది. అక్కడ ఆగి ఊపిరి పీల్చుకుని తిరిగొచ్చింది. చంకల దగ్గర గుడ్డ చుట్టి ఉంది, అయినా ఒకసారి చెయ్యి పెట్టి చూసుకుంది.

"కుంచెం బరువున్నాది మావా."

"ఉంటాదమ్మా. అంతకన్నా తగ్గదు."

"పరవానేదు. బరువు తెలుస్తన్నాది గాని నొప్పెట్టట్లేదు. సంతలో కూకుని కూరగాయలు అమ్ముకుంటాను. నాట్లకైతే ఇంక పోలేను కదా." కర్రల మీద వాలి అతన్ని పరీక్షగా చూసింది. "నీకేటయినాది? సిక్కిపోనావు. కొండెక్కినావంట కదా, ఈ వయసులో."

ఆదాము కర్రల కొసలకు రబ్బరు ముక్కలు సరిగ్గా బిగుసుకున్నాయో లేదో వంగి చూశాడు. పాత లారీ టైరు ముక్కలవి. ఆమె వెళ్లిపోయాక షెడ్డులో పొట్టు మీదే పడుకుని సాయంత్రం దాకా నిద్రపోయాడు. ఎవరూ లేపలేదు.

మార్చి ముప్పయ్యిన దొరసాని ప్రయాణం. కోటబొమ్మాళి స్టేషన్‌కు ఆసుపత్రి మొత్తం వచ్చింది. పాటలు పాడారు, ప్రార్థన చేశారు, నర్సులు ఏడ్చారు. ఆదాము జనం వెనకాల సిమెంటు బెంచీ మీద కూచున్నాడు. రైలు ఆలస్యం కావడంతో ఆమే వచ్చి అతని పక్కన కూచుంది.

"నాకు భయముగా నున్నది, ఆదామూ" అంది మెల్లగా. "ముప్పది నాలుగేండ్లు ఎండలో నుంటిని. ఆ చలిని నా యెముకలు మరచిపోయినవి."

"దుప్పట్లు ఎక్కువ పట్టుకెళ్లండమ్మా."

"అచ్చట దుప్పట్లు దొరకును" అని ఆమె నవ్వింది. రైలు వచ్చింది. ఎక్కుతూ ఆమె ఒకసారి వెనక్కి తిరిగి చూసింది, రెండోసారి చూడలేదు, చూస్తే దిగిపోతానేమోనని భయపడినట్టు.

మరుసటేడు జనవరిలో ఆమె దగ్గర్నుంచి ఉత్తరం వచ్చింది. నర్సు లీలారాణి షెడ్డుకు తెచ్చి, తెలుగు చేసి చదివి వినిపించింది. తండ్రి పనిచేసిన చోటు చూడ్డానికి వెళ్లిందట ఆమె. పాత అడవి చాలాదూరం దాకా కొట్టేశారట. తడినేల మీద తండ్రి చేతుల్తో నరికిన చోట, నలభై ఏళ్లు గడిచినా, చెట్లు ఆమె భుజం దాకా మాత్రమే వచ్చాయట. అక్కడ నిలబడితే పిట్ట కూత కూడా వినిపించలేదనీ, రణగొణ లేని చోట తనకు నిద్ర పట్టడం లేదనీ రాసింది. అట్టపెట్టెలు సరిగా చేరుతున్నాయా అని కూడా అడిగింది.

"నలభై ఏళ్లకి భుజం దాకానా?" అని ఆదాము మళ్లీ చదివించుకున్నాడు. గంగులుతో కలిసి కోసిన పోడు వాలు అతనికి కళ్లముందు మెదిలింది. మొన్న ఆ దారిన పోయిన గంగులే చెప్పాడు, చోళ్ల పంట కోసేసిన చోట చిగుళ్లు అప్పుడే నడుం దాటాయని. తొందరగా పెరిగేదీ తొందరగా కుళ్లేదీ ఇక్కడ, నిదానంగా పెరిగి నిదానంగా పోయేది అక్కడ. ఏది మేలో అతనికి తోచలేదు. అలసిపోయిన మనిషికి రెండూ కష్టమే అనిపించింది.

"జవాబు ఏం రాయమంటారు తాతా?" అని అడిగింది లీలారాణి.

"గుమ్మడి టేకుతో పదకొండు జతలు అయినాయని రాయి. అందరూ నడస్తన్నారని రాయి. భుజం సంగతి రాయకు, బెంగెట్టుకుంటాది."

"ఇంకా?"

ఆదాము చిత్రిక చేతిలోకి తీసుకున్నాడు. "ఇంకేటీ నేదమ్మా. బుల్లమ్మ దండాలు సెప్పిందని రాయి."

ఆ నెలలోనే మళ్లీ పలకలు అయిపోయాయి. కర్రల కోసం పేర్లు రాయించుకున్నవాళ్లు ఇంకా ఆరుగురున్నారు. అప్పటికి గిరిజనుల తిరుగుబాటు రేగి కొండల మీద పోలీసులు తిరుగుతున్నారనీ, కొత్త మొహం కనిపిస్తే ఆపుతున్నారనీ చెప్పుకుంటున్నారు. బుల్లమ్మ వద్దంది, గొడవపడింది, చివరికి జంతికలు మూటగట్టి ఇచ్చింది. మార్చిలో కొత్త చీటీ పుచ్చుకుని ఆదాము గంగులుతో మళ్లీ మెళియాపుట్టిలో దిగాడు. పొద్దెక్కకముందే ఎండ చుర్రుమంటోంది. ఒక మైలు నడిచేసరికి అతని కాళ్లు మొరాయించాయి. దారిపక్కన కరక చెట్టు కింద కావడి దించి కూచున్నాడు.

"లే బావా. ఎండెక్కిపోతాది" అన్నాడు గంగులు.

"ఉండు. ఊపిరి రానీ."

గంగులు కూడా వచ్చి పక్కన కూచున్నాడు. ఇద్దరూ మూట విప్పి, జంతికలు తలో రెండు తిని, సొరకాయ బుర్రలోంచి నీళ్లు తాగారు. తర్వాత ఆదాము చేతికర్ర ఆనుకుని లేచాడు. కావడి ఈసారి ఎడమ భుజం మీద పెట్టుకున్నాడు.